రూతు కట్టిన యిల్లు

ఇంటిని నిలువబెట్టువారు ఒకరు, ఇంటికి యజమానులు ఇంకొకరు అగుట మన స్త్రీలకు క్రొత్త విషయము కాదు. తెల్లవారకమునుపే లేచి, పొయ్యి రాజేసి, పదిమందికి వండి వడ్డించి, కాసు కాసు కూడబెట్టి ముప్పది యేండ్లు సంసారమును నడిపిన యిల్లాలు, ఒకనాడు అవసరము వచ్చి నాలుగు రూకలు అడిగినప్పుడు "ఇక్కడ నీ సొమ్మేమున్నది?" అను మాట వినుట మన యెఱుకలో లేని సంగతియా? అట్టి మాటనే ఒక గొప్ప వ్యాపారసంస్థ నుండి వినిన గాయని కథను ఈ మాసమున మా సోదరీమణులకు దెలుపదలచితిమి.

ఆమె పేరు రూతు బ్రౌన్. అమెరికాదేశమున "రాక్ అండ్ రోల్" అను సంగీతము పుట్టుచున్న దినములలో దానికి ఊపిరి పోసినవారిలో ఆమె యొకతె. ఎల్విస్ ప్రెస్లీ పేరు మన పట్టణములలో చాలమంది యెఱుగుదురు; రూతు పేరు ఎఱిగినవారు అరుదు. కాని 1954వ సంవత్సరమున ఎల్విస్ పాడిన మొదటి రికార్డు అంగడికి వచ్చునాటికే రూతు పాటలు నల్లజాతివారి పేటలలో ఊరూర మ్రోగుచుండెను. ఆమె పాటల అమ్మకముతో పెరిగిన గ్రామఫోను సంస్థకు జనులు "రూతు కట్టిన యిల్లు" అని పేరుపెట్టిరి. ఈ మాటలో ఒక చమత్కారము కలదు. న్యూయార్కు నగరమున 1923లో తెరచిన యొక గొప్ప క్రీడాస్థలమును, బేబ్ రూత్ అను బేస్‌బాల్ ఆటగాని పేరుమీద, అక్కడివారు ముందే అట్లు పిలుచుచుండిరి. ఆ బిరుదమే ఈ గాయనికిని చెల్లెను. అయితే తాను కట్టిన యింటిలో ఆమెకు దక్కిన పాలెంత యనునదే మేము చెప్పబోవు కథ.

రేవుకూలి కూతురు

రూతు 1928వ సంవత్సరము జనవరి 12వ తేదీన వర్జీనియా రాష్ట్రమునందలి పోర్ట్స్‌మత్ అను రేవుపట్టణమున జన్మించెను. తండ్రి రేవులో ఓడల సరకు దించు కూలి. వారమంతయు మూటలు మోసిన యాతడే ఆదివారమున ప్రార్థనాలయమున పాటగాండ్ర బృందమునకు నాయకుడు. ఏడుగురు సంతానములో రూతు పెద్దది. ఇంటికి పెద్దబిడ్డయైన ఆడుపిల్లకు ఆట తక్కువ, పని యెక్కువ యని మన సోదరీమణులకు వేఱుగ చెప్పవలసిన పని లేదు. వేసవి దినములలో పిల్లలు ఉత్తర కరొలైనా రాష్ట్రములోని అవ్వగారి పొలమునకు పోయి ప్రత్తి ఏరెడివారు.

పాట ఆమెకు తండ్రి యిచ్చిన యాస్తి. కాని ఆ పాట దేవుని సన్నిధిని పాడవలసినదే గాని నాట్యశాలలలోను, పానశాలలలోను పాడదగినది కాదని తండ్రి నిశ్చయము. లౌకికమైన పాటలు సైతాను పాటలని ఆనాటి భక్తుల నమ్మకము. రూతు మనస్సో బిల్లీ హాలిడే, సేరా వాన్ మొదలగు గాయనుల రికార్డులమీదనే యుండెను. రెండవ ప్రపంచయుద్ధ కాలమున ఆ రేవుపట్టణమునకు సైనికులు గుంపులుగా వచ్చుచుండిరి. వారి వినోదసభలలో ఆమె తండ్రికి దెలియకుండ పాడసాగెను. దొంగతనముగా పాడిన పాట దొంగతనముగా నిలువదు గదా! 1945లో, పదునేడేండ్ల ప్రాయమున, జిమ్మీ బ్రౌన్ అను బూరవాద్యకానితో కలిసి ఇల్లు విడిచిపోయెను.

కన్నవారికి చెప్పక గడప దాటుటను మేము మెచ్చుకొనము. ఆమెయు ఆ సాహసమునకు తగిన మూల్యము చెల్లించెను. ఆ బంధము ఎంతోకాలము నిలువలేదు. ఆతని యింటిపేరు మాత్రము ఆమెతో జీవితాంతము నిలిచెను.

పరాయి యూర చేతిలో కాసు లేక

కొంతకాలమునకు లక్కీ మిలిండర్ అను ప్రసిద్ధుని వాద్యబృందములో ఆమెకు చోటు దొరకెను. సంతోషము ఒక నెలయైన పూర్తిగా నిలిచెనో లేదో, వాషింగ్టను నగరమున ఆతడామెను పనిలోనుండి తొలగించెను. వాద్యగాండ్రకు త్రాగుటకు పానీయములు తెచ్చియిచ్చుట యామె చేసిన నేరము. ఆ సందున ఆమెకు పాట రాదనియు ఆతడు చెప్పెనట. పరాయి యూరు, చేతిలో ధనము లేదు, ఇంటికి పోవ మొగము చెల్లదు. ఇరువదేండ్ల పిల్ల గతి యేమగునో ఊహించుకొనుడు.

అట్టి సమయమున ఆమెను ఆదుకొన్నది ఒక స్త్రీ. ఆమె పేరు బ్లాంచ్ క్యాలోవే. పాటగాడు క్యాబ్ క్యాలోవేకు ఈమె అక్క. ఈమెయు సామాన్యురాలు కాదు. 1930 ప్రాంతములలోనే మగవారి వాద్యబృందమును తానే ముందు నిలిచి నడిపిన ధీరురాలు. దారితప్పిన రూతును చేరదీసి, వాషింగ్టనులోని క్రిస్టల్ కావరన్స్ అను పానశాలలో పాడుటకు కుదిర్చి, ఆమె వ్యవహారముల భారము తాను వహించెను. కష్టములోనున్న యాడుదానికి మఱియొక యాడుది చేయూతనిచ్చినచో ఎంతటి కార్యము జరుగునో ఈ యొక్క సంగతి చాలును.

అచ్చట ఆమె పాట వినిన విల్లిస్ కొనోవర్ అను రేడియో వ్యాఖ్యాత, న్యూయార్కులో క్రొత్తగా వెలసిన అట్లాంటిక్ అను గ్రామఫోను సంస్థవారికి కబురంపెను. ఆ సంస్థను 1947లో అహ్మత్ ఎర్తెగన్, హెర్బ్ అబ్రామ్సన్ అను ఇరువురు స్థాపించిరి. ఎర్తెగన్ తురుష్కదేశ రాయబారి కుమారుడు. నల్లజాతివారి సంగీతమనిన ప్రాణము. పెట్టుబడి కొఱకు తన యింటి పళ్ళవైద్యుని నడిగి 10,000 డాలర్లు తెచ్చెను. ఇంత చిన్న సంస్థ అది. వారు రూతు పాట వినిరి. తమకు కావలసిన గొంతు ఇదియే యని తలచిరి.

ఆస్పత్రి మంచముమీద

1948 అక్టోబరులో రూతు కారులో న్యూయార్కునకు బయలుదేరెను. హార్లెమ్ పేటలోని అపోలో నాటకశాలలో పాడుట ఆనాటి నల్లజాతి గాయకులకు కలలోని వరము. ఆ వరము చేతికందునంతలో పెన్సిల్వేనియా రాష్ట్రములోని చెస్టర్ అను ఊరియొద్ద కారు ప్రమాదము జరిగెను. ఆమె రెండు కాళ్ళును విరిగెను. నెలల తరబడి ఆస్పత్రిలోనే పడియుండవలసివచ్చెను. ఆ కాళ్ళ బాధ ఆమెను బ్రదికినంతకాలము విడువలేదు.

ఆ మంచముమీదనే, 21 యేండ్ల ప్రాయమున, ఆమె అట్లాంటిక్ సంస్థవారి ఒడంబడికమీద సంతకము చేసెను. సంస్థవారు కష్టకాలమున ఆమెను విడిచిపెట్టక, ఆస్పత్రి వ్యయమునకును తోడ్పడిరి. దీనిని మేము దాచిపెట్టము, అది మంచితనమే. కాని మా సోదరీమణులు ఈ దృశ్యము నొకసారి మనస్సున నిలుపుకొనవలెను. కాళ్ళు కట్లలోనున్నవి, రేపటి తిండి యెట్లో తెలియదు, ఎదుట ఆదరముతో వచ్చినవారు ఒక కాగితము పెట్టిరి. అందలి షరతుల నెవరు చదువుదురు? చదివినను బేరమాడు బలమెవరికి యుండును? కృతజ్ఞతతో పెట్టిన ఆ సంతకపు వెల తెలియుటకు ముప్పదేండ్లకు పైగా పట్టినది.

1949లో ఆమె కఱ్ఱల యూతతో వచ్చి మొదటి రికార్డు పాడెను. ఆ పాట "సో లాంగ్". సంస్థకది మంచి లాభము దెచ్చెను.

ఆమె పాటలోని విశేషము

"రాక్ అండ్ రోల్" అనిన నేమి యని ప్రశ్నించు చదువరులకు రెండు మాటలు. నల్లజాతివారి సంగీతపు రికార్డులను అమెరికా వ్యాపారులు చాలకాలము "జాతి రికార్డులు" అను పేరుతో వేఱుగ నుంచిరి. 1949లో "బిల్‌బోర్డు" అను వ్యాపారపత్రిక ఆ పేరును తొలగించి "రిథమ్ అండ్ బ్లూస్" అని వ్రాయసాగెను. బ్లూస్ అనగా దుఃఖమును చెప్పుకొను పాట. రిథమ్ అనగా తాళము. దుఃఖమును కూర్చుండి యేడ్వక, తాళము వేసి నిలబడి పాడుట దీని లక్షణము. నాలుగు దెబ్బల తాళములో రెండవ, నాలుగవ దెబ్బలమీద ఊనిక యుండుటచే వినువారి కాలు ఊరకుండదు. ఇదియే కొలది యేండ్లకు తెల్లజాతి పిల్లలకును నచ్చి "రాక్ అండ్ రోల్" అను పేరున లోకమంతయు వ్యాపించెను.

రూతునకు మొదట మెల్లని ప్రేమగీతములమీదనే మక్కువ. సంస్థవారు ఆమెచేత వేగముగల పాటలు పాడించిరి. 1950లో వచ్చిన "టియర్‌డ్రాప్స్ ఫ్రమ్ మై ఐస్" అను పాట రిథమ్ అండ్ బ్లూస్ పట్టికలో 11 వారములు మొదటి స్థానమున నిలిచెను. 1952లో "ఫైవ్, టెన్, ఫిఫ్టీన్ అవర్స్" అను మఱియొకటి మొదటి స్థానమునకెక్కెను. పాడుచు పాడుచు పదము చివరకు వచ్చుసరికి ఆమె గొంతు చటుక్కున పైకి విరిగి చిన్న కీచు వలె వినవచ్చును. సంగీతశాస్త్రము దానిని దోషమనవచ్చును. జనులు దానికొఱకే రికార్డు కొనిరి. లిటిల్ రిచర్డు అను ప్రసిద్ధ రాక్ గాయకుడు తన పాటలలోని కేకకు రూతు గొంతే మూలమని చెప్పుకొనెను.

1953లో వచ్చిన పాట మాత్రము మా చదువరులకు ప్రత్యేకముగ తెలుపదగినది. దాని పేరు "మామా, హీ ట్రీట్స్ యువర్ డాటర్ మీన్". తనవాడు తన్ను సరిగా చూచుకొనుట లేదని కూతురు తల్లితో మొఱపెట్టుకొనుట దాని విషయము. కంజిర వంటి వాద్యపు మ్రోతతో ఆ పాట ప్రారంభమగును. మొదట ఆ పాట రూతునకు నచ్చలేదట. కాని జనులకు అది ఆమె పాటయే యైపోయెను. పుట్టినింటికి వచ్చిన కూతురు వంటయింటి మూలను కూర్చుండి తల్లి చెవిలో చెప్పుకొను మాటలు ఏ దేశమున లేవు? ఆ గుసగుసను వేదికనెక్కి గొంతెత్తి పాడిన ధైర్యము వలననే గాబోలు, వేలకొలది స్త్రీలు దానిని తమ పాటగా గైకొనిరి. ఆ రికార్డు నల్లజాతివారి పట్టికలో 5 వారములు మొదటి స్థానమున నిలుచుటయే గాక, తెల్లవారి పట్టికలోనికిని ప్రవేశించెను.

1949 మొదలు 1955 వఱకు ఆమె రికార్డులు పట్టికలలో నుండిన కాలము మొత్తము 149 వారములు. జీవితములో 5 పాటలు మొదటి స్థానమునకెక్కెను. ఆమెకు "మిస్ రిథమ్" అను బిరుదము వచ్చెను. పళ్ళవైద్యుని అప్పుతో పుట్టిన సంస్థ పెద్ద సంస్థలతో సమముగ తలయెత్తెను.

నడుమ కట్టిన త్రాడు

పట్టికలలోని స్థానమును చూచి ఆమె సుఖముగ నుండెనని తలచరాదు. ఆ కాలపు గాయకులకు తిండి పెట్టునది రికార్డు కాదు, ఊరూర తిరిగి పాడుటయే. దక్షిణ రాష్ట్రములలో నల్లవారికిని తెల్లవారికిని అన్నియు వేఱు. రూతు పాట వినుటకు ఇరుజాతులవారును వచ్చెడివారు. సభాశాల నడుమ త్రాడు కట్టి వారిని వేఱుచేసెడివారు. ఒకే పాటకు త్రాటికి ఈ ప్రక్కవారును ఆ ప్రక్కవారును ఒకే తీరున అడుగులు వేయుచుండగా, పాడుచున్న యామె పాట ముగిసిన పిమ్మట ఆ యూరి మంచి హోటలులో అన్నము తినుటకు గాని, పండుకొనుటకు గాని వీలులేదు. అనేక రాత్రులు ఆ బృందములవారికి కారే పడకగది.

ఇంకొక అన్యాయము కలదు. నల్లజాతి గాయకులు ఒక పాటను జనరంజకము చేసిన వెంటనే, తెల్లజాతి గాయకులు అదే పాటను మరల పాడి రికార్డు చేసెడివారు. పెద్ద రేడియోలలో ఆ రెండవ రికార్డులే వినవచ్చెడివి. రూతు 1954లో పాడిన "ఓ వాట్ ఎ డ్రీమ్" అను పాటను ప్యాటీ పేజ్ అను ప్రసిద్ధ గాయని అదే యేట మరల పాడెను. చట్టము పాట వ్రాసినవానికి హక్కునిచ్చినదే గాని, ఆ పాటకు తీరు తెన్ను దిద్దిన గొంతునకు హక్కు నీయలేదు. వండిన చేతికి పేరు లేదు, వంటకము మాత్రము అందఱి విస్తళ్ళలోను వడ్డింపబడెను.

లెక్కపుస్తకములోని మాయ

ఇక అసలు సంగతికి వత్తము. రికార్డు అమ్మకములో గాయకునకు వచ్చు భాగమును రాయల్టీ యందురు. కాగితముమీద ఆ భాగము రూతునకు కలదు. మఱి చేతికి రాలేదేమి? ఆనాటి గ్రామఫోను సంస్థలలో సామాన్యముగ జరుగు పద్ధతి యిది: పాట పాడినప్పుడు కొంత సొమ్ము బయానాగా నిత్తురు. పాటకు వాయించిన వాద్యగాండ్ర కూలి, పాటను అమర్చినవాని కూలి, యంత్రశాల అద్దె ఇవన్నియు గాయకుని పేర ఖర్చు వ్రాయుదురు. రాయల్టీ వచ్చినప్పుడు ఆ ఖర్చులో చెల్లుపెట్టుకొందురు. ఒక పాట తీరక ముందే మఱియొక పాట ఖర్చు వచ్చి చేరును. లెక్క వ్రాయువారు వారే, చూచువారు వారే.

మన పల్లెలలోని షావుకారు పద్దు తెలిసినవారికి ఇది సులభముగ బోధపడును. విత్తనమునకు ఇంత, పండుగకు ఇంత, పెండ్లికి ఇంత యని వ్రాసి, పంట యింటికి వచ్చునాటికి రైతే యింకను బాకీ యున్నాడని తేల్చు పద్దుకును దీనికిని భేదము లేదు. ఇది ఒక్క అట్లాంటిక్ సంస్థ చేసిన పని కాదు. దానికంటె కఠినముగ వర్తించిన సంస్థలు పెక్కులుండెను. అందఱును చేయు తప్పు తప్పుగా కనబడకపోవుటయే అందలి కీడు.

1950 ప్రాంతముల చివరకు జనుల రుచి మాఱెను. క్రొత్త గాయకులు వచ్చిరి. 1961లో రూతు అట్లాంటిక్ సంస్థను విడిచెను. ఆమెకు ఇద్దఱు కుమారులు. వివాహబంధములు ఆమెకు ఆసరా కాలేదు. న్యూయార్కునకు చేరువనున్న లాంగ్ ఐలెండులో కాపురముండి పిల్లలను పెంచుటకు ఆమె చేయని పని లేదు. బడిపిల్లల బస్సు నడిపెను. చిన్నపిల్లల బడిలో ఉపాధ్యాయులకు సహాయురాలిగ పనిచేసెను. పరుల యిండ్లు తుడిచి, కడిగెను. నేల తుడుచుట నీచమని మేమనము. కష్టించి బిడ్డలను పెంచిన తల్లి చేయు పనిలో నీచమెక్కడిది? కాని ఈ సందర్భమున ఒక అంకె చెప్పకుండ ఉండజాలము. 1967లో అట్లాంటిక్ సంస్థ యజమానులు దానిని 1 కోటి 75 లక్షల డాలర్లకు మఱియొక పెద్ద సంస్థకు అమ్మిరి. రూతు కట్టిన యింటికి అంత వెల పలికెను. కట్టిన రూతు పరుల యిండ్లలో పనికి పోవుచుండెను.

ఆమె తన పాటల సొమ్ము సంగతి అడుగగా, లెక్కల ప్రకారము ఆమెయే సంస్థకు బాకీపడి యున్నదని తేలెను. ఆమె పాత పాటలు మఱల మఱల అచ్చై అమ్ముడుపోవుచునే యుండెను.

అడిగిన నోరు

1970 ప్రాంతముల నడుమ రెడ్ ఫాక్స్ అను హాస్యనటుడు పాతస్నేహమును మఱవక ఆమెను లాస్ ఏంజిలిస్ నగరమునకు పిలిపించి, "సెల్మా" అను సంగీతనాటకములో మహేలియా జాక్సన్ అను భక్తిగాయని పాత్ర నిప్పించెను. అప్పటినుండి ఆమె మరల వేదికనెక్కుట ప్రారంభించెను. ఏబదేండ్లకు చేరువైన స్త్రీ, నొప్పిపెట్టు కాళ్ళతో, మొదటినుండి మొదలు పెట్టెను.

1983 ప్రాంతమున హోవెల్ బెగిల్ అను వాషింగ్టను న్యాయవాది ఆమెను కలిసికొనెను. ఆతడు చిన్ననాటినుండి ఆమె పాటల యభిమాని. ఎక్కువ వెలపెట్టి సేకరించిన ఆమె పాత రికార్డులను తెచ్చి, వానిమీద సంతకము చేయుమని కోరెను. వానివలన తనకు చిల్లిగవ్వయు వచ్చుట లేదని ఆమె చెప్పగా ఆతడు నివ్వెఱపడెను. ఒకనాడు ఆస్పత్రిలో చేసిన సంతకము ఆమెను కట్టివేసినది. ఈనాడు ఒక అభిమాని కోరిన సంతకము ఆ కట్టును విప్పుటకు కారణమయ్యెను.

బెగిల్ ఫీజు తీసికొనక పని ప్రారంభించెను. పాత కాగితములు వెదకించెను. లెక్కలు చూపుడని సంస్థను నిలదీసెను. రూతువంటి పాతగాయకులు ఇంకెందఱో ఇదే స్థితిలో నున్నట్లు తేలెను. కొందఱు ముసలితనమున మందునకు సొమ్ములేక యుండిరి. రూతు తన యొక్కదాని బాకీ తీర్చుకొని ఊరకుండవచ్చును. ఆమె అట్లు చేయలేదు. పత్రికలవారితో మాటలాడెను, రేడియోలో చెప్పెను, ప్రజాప్రతినిధుల సంఘమునెదుట సాక్ష్యమిచ్చెను. తన దారిద్ర్యమును నలుగురిలో చెప్పుకొనుట అభిమానవతియైన స్త్రీకి ఎంత కష్టమో మనకు తెలియును. సిగ్గు పడవలసినది తాను కాదని గ్రహించిన దినమున ఆమెకు నోరు వచ్చెను.

1988లో అట్లాంటిక్ సంస్థ తన 40వ సంవత్సరపు ఉత్సవమును న్యూయార్కులో గొప్పగా జరుపదలచెను. ఇల్లు కట్టినవారిని ఆకలితో ఉంచి గృహోత్సవము చేయుట ఏ గృహస్థునకైన శోభ గాదు. ఆ యుత్సవమునకు ముందుగా సంస్థవారు దిగివచ్చిరి. పాతగాయకుల పేరనున్న బాకీల పద్దులను కొట్టివేయుటకును, వెనుకటి యేండ్ల రాయల్టీ చెల్లించుటకును ఒప్పుకొనిరి. రూతు ఒక్కతెకే కాదు, ముప్పదిమంది వఱకు గాయకులకును బృందములకును దానివలన మేలు కలిగెను. అంతేకాక, కష్టములోనున్న పాతగాయకుల సహాయార్థము "రిథమ్ అండ్ బ్లూస్ ఫౌండేషన్" అను సంస్థ వెలసెను. దానికి ఆ సంస్థవారు పది లక్షల డాలర్లకు మించిన విరాళమిచ్చిరి. వైద్యమునకు, అద్దెకు, అంత్యక్రియలకు కూడ సొమ్ములేని వృద్ధగాయకులకు అది ఆధారమయ్యెను. ఆ యేట జరిగిన ఉత్సవమున రూతు వేదికనెక్కి పాడెను.

సాయంకాలపు వెలుగు

ఆమెకు కీర్తియు ఆలస్యముగానే, కాని సమృద్ధిగా వచ్చెను. 1988లో "హెయిర్‌స్ప్రే" అను చలనచిత్రమున రికార్డుల అంగడి నడుపు స్త్రీ పాత్ర ధరించెను. నల్లవారిని, తెల్లవారిని ఒకే నాట్యశాలలో చేర్చుటకు జరిగిన పోరాటము ఆ చిత్రకథ. నడుమ త్రాడు కట్టిన సభలలో పాడిన యామెకు ఆ కథ క్రొత్తది గాదు. 1989లో న్యూయార్కు నాటకశాలలలో "బ్లాక్ అండ్ బ్లూ" అను సంగీతనాటకమున పాడి, ఉత్తమనటికిచ్చు టోనీ బహుమానమును 61 యేండ్ల వయస్సున అందుకొనెను. మఱుసటి యేట "బ్లూస్ ఆన్ బ్రాడ్వే" అను రికార్డునకు గ్రామీ బహుమానము వచ్చెను. 1993లో రాక్ అండ్ రోల్ కీర్తిమందిరమున ఆమెకు స్థానమిచ్చిరి. 1996లో తన జీవితకథను గ్రంథముగ ప్రకటించెను. 2006వ సంవత్సరము నవంబరు 17వ తేదీన నెవాడా రాష్ట్రమున, 78 యేండ్ల వయస్సున కన్నుమూసెను. 2016లో గ్రామీ సంఘమువారు జీవితకాల పురస్కారమును ఆమెకు ప్రకటించిరి. అప్పటికి ఆమె పోయి పదియేండ్లు కావచ్చెను. గౌరవములు ఎప్పుడును ఇట్లే వచ్చునేమో!

ఈ బహుమానములన్నిటిని ఒక ప్రక్కను, పాతగాయకుల చేతికి వచ్చిన చిన్న చెక్కులను ఒక ప్రక్కను ఉంచినచో, మాకు రెండవదే బరువుగ తోచుచున్నది. పాటలు పాడినవారు ఎందఱో కలరు. పాటకు లెక్క చెప్పుమని అడిగినవారు కొలదిమంది. తనతోపాటు తక్కినవారికిని ఇప్పించినవారు ఇంకను తక్కువ.

మన దేశమునను ఈ ప్రశ్న చాలకాలము నలిగినది. 2012లో గ్రంథస్వామ్య చట్టమునకు జరిగిన సవరణవలన పాట వ్రాసినవారికిని, స్వరము కూర్చినవారికిని, పాడినవారికిని రాయల్టీ విషయమున మునుపటికంటె గట్టి హక్కు కలిగినది. చట్టము వచ్చినంతమాత్రమున సొమ్ము తనంత తానుగా ఇంటికి నడచి రాదు. అడుగు నోరు కావలెను.

మా సోదరీమణులలో గాయనులు కొందఱే యుందురు. కాని సంతకము పెట్టనివారెవరు? ఇంటి దస్తావేజుమీద, బ్యాంకు కాగితముమీద, అన్నదమ్ములు తెచ్చిన హక్కువిడుదల పత్రముమీద, "ఇక్కడ పెట్టుము, చదువ నక్కఱలేదు" అని ప్రేమతో చూపిన చోట మనమందఱము సంతకము పెట్టుచునే యున్నాము. ప్రేమ యుండనిండు, కృతజ్ఞత యుండనిండు. కాగితమును మాత్రము చదువుదము. చదివి తెలియనిచో తెలిసినవారి నడుగుదము. కుట్టుపనియో, పచ్చళ్ళ వ్యాపారమో, పాఠములు చెప్పుటయో, చేయు పని యెంత చిన్నదైనను దాని లెక్క మన చేతివ్రాతతో ఒక పుస్తకమున నుండవలెను. ఇది అనుమానము కాదు. ఇంటిని నడుపు నేర్పరితనము.

రూతు బ్రౌన్ తన హక్కును పొందునప్పటికి అఱువదేండ్లది. అంత ఆలస్యమైనను ఆమె అడుగుట మానలేదు. మన బిడ్డలు అంతకాలము వేచియుండ నక్కఱలేకుండ, ఇరువదేండ్లకే లెక్క అడుగుట నేర్పుదుము గాక!